లాంచర్‌తో పాటు పోయినది

మార్చి తొమ్మిదో తేదీ, ఆదివారం, ఉదయం తొమ్మిది గంటల నలభై నిమిషాలకు ఈ పని మొదలైంది. నా దినచర్యలో ఆ రోజు పేజీ మొదటి వాక్యం ఇలా ఉంది: "లాప్‌టాప్ నుంచి ఆటల లాంచర్ తొలగింపు. ఆటలు పోరాదు."

కారణం అంతకు రెండు రోజుల ముందు పుట్టింది. నా భార్య మందస మండలంలో ఒక బడిలో ఉపాధ్యాయురాలు. శుక్రవారం ఇంటికి వచ్చి, ఆరు గంటలలోపు బడి వివరాలు ఏవో ఆన్‌లైన్‌లో ఎక్కించాలని లాప్‌టాప్ తెరిచింది. మా ఇంటికి కేబుల్ ఇంటర్నెట్ లేదు. నా ఫోన్‌లో రోజుకు వచ్చే రెండు జీబీ డేటాతోనే అన్నీ నడవాలి. లాప్‌టాప్ తెరిచిన వెంటనే లాంచర్ తనంతట తాను లేచి, తన కొత్త రూపాన్ని దించుకోవడం మొదలుపెట్టింది. పావుగంటలో డేటా అయిపోయింది. వివరాలు ఎక్కలేదు. మరుసటి రోజు ఆమె ప్రధానోపాధ్యాయుడి చేత మాటపడింది. లాంచర్ ఇలా చేయడం ఆ ఏడాదిలో నాలుగోసారి. నాలుగూ తేదీలతో సహా రాసి ఉన్నాయి.

లాంచర్ అంటే ఆటలు కొనడానికి, దించుకోవడానికి, తెరవడానికి వాడే ప్రోగ్రాం. లాప్‌టాప్ మా అమ్మాయి చదువు కోసం కొన్నది. తర్వాత ఆమె మరొకటి కొనుక్కుని విశాఖపట్నం హాస్టల్‌కు వెళ్ళింది. పాతది ఇంట్లోనే ఉండిపోయింది, అందులో తాను పెట్టిన మూడు ఆటలతో సహా. రెండు అమ్మాయివి, పెద్దవి, మూడేళ్ళుగా ఎవరూ తెరవనివి. మూడోది చిన్నది, వాళ్ళ అమ్మది.

2020 ఆగస్టులో, బడులు మూసి ఉన్న కాలంలో, ఊరికే చూద్దామని మొదలుపెట్టిన ఆట అది. సముద్రపు ఒడ్డున ఒక చిన్న భూమి ఉంటుంది. దున్నాలి, విత్తాలి, నీరు పెట్టాలి, కోళ్ళను, పశువులను చూసుకోవాలి. నా భార్య పుట్టింది అక్కుపల్లి దగ్గర, కొబ్బరి, జీడితోటల మధ్య. మొదటి వారంలోనే ఒక ఫిర్యాదు చేసింది. "సముద్రమేటో ఉంది గానీ ఒక్క జీడిసెట్టైనా లేదండీ. ఇదేటి ఊరు?" జీడిచెట్టు లేకపోయినా ఆ ఊరు వదలలేదు. పదకొండు కోళ్ళలో పదింటికి విద్యాశాఖలోని హోదాల పేర్లు పెట్టింది. పదకొండోదానికి పెద్ద హోదా ఏదీ మిగలక, గుమస్తా అని పెట్టింది. అది గుడ్డు పెట్టేది కాదు. "గుమస్తా రోజంతా తిరుగుతాది, పని మాత్రం అగుపడదు" అని నాకు వినపడేలా అనేది.

ఆమె ఉదయం ఏడు గంటల యాభై నిమిషాల బస్సుకు వెళ్ళి, సాయంత్రం ఐదు నలభైకి దిగుతుంది. ఆరున్నరకు బల్ల ముందు కూర్చునేది. ఏడుంబావుకు లేచేది. ఆ ముప్పావుగంటలో ఎవరూ ఆమెను ఏదీ అడిగేవారు కాదు. అది ఎవరో పెట్టిన నియమం కాదు, నాలుగేళ్ళలో దానంతట అదే ఏర్పడిన అలవాటు. బల్లకు ఈ చివర నేను దినచర్య రాసుకునేవాణ్ణి, ఆ చివర ఆమె తోటకు నీళ్ళు పెట్టుకునేది. రోజు మొత్తంలో ఆమె మొహం మీద ముడత కనబడని సమయం అదొక్కటే అని నాకు తెలుసు. తెలిసీ ఎన్నడూ రాయలేదు.

లాంచర్ తీసేద్దామని అన్నది నేను. ఆమె ఆట లాంచర్ లేకుండా నేరుగా తెరుచుకునే రకం అని ముందే విచారించి పెట్టుకున్నాను.

"తీసేయండి గానీ నా తోట పోకూడదు. మిగిలినయ్యి ఏటైపోయినా నాకక్కర్లేదు."

ఒక్క ఫైలు కూడా పోదని, పూచీ నాదని చెప్పాను. చేపలు తేవడానికి ఆమె బజారుకు వెళ్ళింది.

ఇక్కడ నా ఉద్యోగం గురించి చెప్పక తప్పదు. టెక్కలిలో ఒక ప్రభుత్వ కార్యాలయంలో ఇరవై ఆరేళ్ళుగా రికార్డు గది నా అధీనంలో ఉంది. మా కార్యాలయాల్లో పని ముగిసిన ప్రతి ఫైలుకూ ఒక ముద్ర పడాలి. ఆర్ డిస్ అంటే శాశ్వతంగా ఉంచవలసినది. డి డిస్ అంటే పదేళ్ళు ఉంచవలసినది. ఎల్ డిస్ అంటే ఏడాది గడిచాక తగలబెట్టదగినది. ఏ కాగితం ఏ ముద్రకు తగినదో చూడగానే చెప్పగలనని నాకు పేరు. బీరువా మార్చాలన్నా ముందు జాబితా, తర్వాత వర్గీకరణ, ఆపైన కదలిక. ఈ క్రమం నేను ఎన్నడూ తప్పలేదు. ఆ ఆదివారమూ తప్పలేదు.

సమస్య ఏమిటంటే, ఆటలన్నీ లాంచర్ ఫోల్డర్ లోపలే ఉంటాయి. లాంచర్‌ను తొలగించినప్పుడు అది తన ఫోల్డర్‌ను మొత్తంగా తుడుచుకుని పోతుంది. కాబట్టి ముందు ఆటలను బయటికి తీయాలి. ఫోల్డర్ తెరిచి అందులోని అంశాలను వరుసగా కాగితం మీద రాశాను. పందొమ్మిది వచ్చాయి. ఒక్కొక్కదాని పరిమాణం రాశాను. ఆ పక్కన, చేతి అలవాటు కొద్దీ, ముద్రలు వేశాను. ఆటలు ఉన్న ఉపఫోల్డర్, 61 జీబీ, ఆర్ డిస్. మిగిలిన పద్దెనిమిదీ లాంచర్‌కు చెందిన సామగ్రి, అన్నీ ఎల్ డిస్. పదకొండో అంశం పేరు యూజర్ డేటా. లోపల తొమ్మిది అంకెల పేరుతో ఒక ఫోల్డర్, దాని లోపల మళ్ళీ అంకెలు. మొత్తం తొమ్మిది ఎంబీ. వాడుకరి వివరాలు, అంటే లాంచర్‌లోకి ప్రవేశించడానికి ఇచ్చిన పేరు, సంకేతపదం వంటివి అనుకున్నాను. లాంచరే పోతున్నప్పుడు దాని హాజరు పట్టీ ఎందుకు? అరవై ఒక్క జీబీ పక్కన తొమ్మిది ఎంబీ నాకు రసీదు ముక్కలా కనబడింది.

పదిన్నరకు కాపీ మొదలుపెట్టాను. సి డ్రైవ్ నుంచి డి డ్రైవ్‌కు పూర్తికావడానికి గంట పట్టింది. లాప్‌టాప్ పాతది, అడుగున చెయ్యి పెడితే కాలింది. రెండు వైపులా ఫైళ్ళ సంఖ్య పోల్చాను: 26,175, రెండు వైపులా. ఆమె ఆటను కొత్త చోటు నుంచి తెరిచి చూశాను. మొదటి తెర వచ్చింది, సంగీతం వచ్చింది. చాలనుకుని మూసేశాను. పదకొండు యాభైకి లాంచర్‌ను తొలగించాను. రెండు నిమిషాలు కూడా పట్టలేదు. ఆ తర్వాత, అసలు ఒకచోట, నకలు ఒకచోట ఉండాలి కనుక, ఆ 61 జీబీని మళ్ళీ సి డ్రైవ్‌లోకి రెండో ప్రతిగా కాపీ చేశాను. ఒంటిగంటా ఐదు నిమిషాలకు "పని పూర్తి, నష్టం లేదు" అని రాసి కలం మూశాను. చేపల పులుసుతో భోజనం చేసి పడుకున్నాను.

సాయంత్రం ఆరు ముప్పై రెండుకు ఆమె ఆట తెరిచింది. నేను బల్లకు ఈ చివరనే ఉన్నాను. ఆమె చేతులు కదలడం ఆగిపోయింది.

"ఏటండీ, ఇది నా పేరడుగుతన్నాది."

లేచి వెళ్ళి చూశాను. తెర మీద ఖాళీ గడి, కొత్త రైతు పేరు రాయమని. పాత తోటను తెరిచే మీట ఉండవలసిన చోట ఏమీ లేదు. ఆట ఉంది. ఆటలో ఆమె లేదు.

అమ్మాయికి ఫోన్ చేశాను. జరిగింది వరుసగా చెప్పాను. ఆమె మధ్యలో ఆపి, యూజర్ డేటా ఫోల్డర్‌ను కూడా బయటికి తీశావా అని అడిగింది. కొన్ని ఆటలు తమ పురోగతిని ఆట ఫోల్డర్‌లో కాకుండా అక్కడ దాచుకుంటాయట. అమ్మ ఆట అలాంటిదేనట. పోనీ, లాంచర్ కంపెనీ సర్వర్‌లో దానికొక ప్రతి ఉంటుంది, కంగారు పడొద్దు అంది. నేను దినచర్య వెనక్కి తిప్పాను. జనవరి పన్నెండో తేదీ కింద నా దస్తూరీలోనే ఉంది: "డేటా ఆదా నిమిత్తం లాంచర్ వారి అనవసర అప్‌లోడ్ నిలిపివేయబడినది." నిలిపివేసినది ఎవరో ఆ వాక్యం చెప్పదు. మా కార్యాలయ భాష అలాంటిది. సర్వర్‌లో ఉన్న పాత ప్రతి కూడా, ఏదో ఖాతా మార్పు వల్ల, అమ్మాయికి దొరకలేదు.

నా భార్య ఇదంతా కుర్చీలోనే కూర్చుని విన్నది.

"గుమస్తా కూడా పోయిందా?"

పోయిందని చెప్పాను. "పోన్లెండి, అదొక్కటీ గుడ్డెట్టేది కాదు" అని లేచి వంటింట్లోకి వెళ్ళింది. గడియారం చూశాను. ఆరు యాభై ఒకటి. ఆమె ఇరవై నాలుగు నిమిషాలు ముందుగా లేచింది.

సోమవారం మధ్యాహ్నం సెలవు పెట్టి, లాప్‌టాప్‌ను కాశీబుగ్గలో కంప్యూటర్లు బాగుచేసే దుకాణానికి తీసుకుపోయాను. దుకాణదారు ఏదో ప్రోగ్రాంతో మూడు గంటలు వెతికాడు. నేను బల్ల మీద కూర్చుని, బస్సులను చూస్తూ, జీడి కాల్చే మసి వాసన పీలుస్తూ ఉన్నాను. చివరికి, చెరిపాక ఏమీ చేయకుండా తెచ్చారా అని అడిగాడు. రెండో ప్రతి సంగతి చెప్పాను.

"అదే కొంప ముంచింది సారూ. సెరిపేసిన జాగా మీదే అరవై జీబీ పోసేసారు. కింద పడ్డదాన్ని ఇంకేటి తీత్తాం?"

నకలు తీయకుండా, కాస్త బద్ధకించి, ఆ ఆదివారం లాంచర్ తొలగించగానే పడుకుని నిద్రపోయి ఉంటే తోట దొరికేదేమో. ఇరవై ఆరేళ్ళలో నకలు తీసినందుకు నష్టపోయిన సందర్భం నాకు మరొకటి గుర్తు లేదు.

మళ్ళీ మొదలుపెట్టవచ్చు కదా అని ఆమెతో అన్నాను. అన్నది పదమూడో తేదీన. కాపీ పుస్తకం పారేసుకున్న పిల్లలను మొత్తం మళ్ళీ రాయమంటాననీ, వాళ్ళెలా రాస్తారో ఇప్పుడు ఆశ్చర్యంగా ఉందనీ ఆమె అంది. అంతకుమించి ఆ ఆట ఊసు ఎత్తలేదు. కోపగించుకోలేదు. ఆ కోపం కోసం నేను కొంత ఎదురు చూశాను కూడా.

తర్వాత జరిగినది నేను గమనించకుండా జరిగింది. అయితే రాసుకుంటూనే ఉన్నాను. పదో తేదీ సాయంత్రం ఆరున్నరకు నా చొక్కా గుండీ కుట్టింది. పదకొండున బడి నుంచి ఫోన్, నలభై నిమిషాలు. పన్నెండున కొబ్బరికాయలు ఇవ్వడానికి వచ్చిన వాళ్ళతో మాటలు. పద్నాలుగున ఇస్త్రీ. పదిహేనున నేను టీ అడిగాను. పదిహేడున మళ్ళీ టీ, ఆపైన ఒక దరఖాస్తు తెలుగులో బాగుచేసి పెట్టమన్నాను. ఆమె ఊరికే కూర్చుని ఉంది కనుక అడిగాను. ఆట ఉన్న నాలుగేళ్ళ ఏడు నెలలలో ఆ సమయంలో ఒక్కసారైనా ఏదైనా అడిగానా అని వెనక్కి తిప్పి వెతికాను. లేదు.

ఇరవయ్యో తేదీ గురువారం, ఆరు నలభైకి, వారం రోజుల పాత కరెంటు బిల్లు ఎక్కడుందని అడిగాను. ఆమె తీసి తెచ్చి బల్ల మీద పెట్టింది. పెట్టి, అక్కడే నిలబడింది.

"తోట పోతే పోయిందండీ. మీరు కావాలని సెయ్యలేదు, నాకు తెలుసు. ఆ ముప్పావుగంట కూడా ఎందుకు అట్టుకెళ్ళిపోయారు?"

తీసుకున్నట్లు నాకు తెలియనే తెలియదు. జాబితాలో లేనిదాన్ని పోగొట్టడం నాకు ఆ పక్షంలో అది రెండోసారి. అది ఎక్కడ ఉండేదో, దేనిలో భద్రంగా ఉండేదో నేను ఎన్నడూ లోపలికి వెళ్ళి చూడలేదు.

ఇరవై ఒకటో తేదీ నుంచి ఆరున్నరకు ఆమె ఫోన్ నా దగ్గర ఉంటోంది. వచ్చిన పిలుపులకు నేనే, తర్వాత చేస్తుందని చెబుతున్నాను. ఆమె కుర్చీ పట్టుకుని డాబా మీదికి వెళుతుంది. అక్కడ ఏం చేస్తుందో అడగలేదు. ఒకసారి బట్టలు తీయడానికి వెళ్ళి చూశాను. ఏమీ చేయడం లేదు. కాళ్ళు పిట్టగోడ మీద పెట్టుకుని కళ్ళు మూసుకుని ఉంది. బట్టలు తీయకుండానే దిగి వచ్చేశాను.

ఈ రోజు ఏప్రిల్ ముప్పై. ఇంతవరకు లెక్క ఇది.

పోయినవి: నా భార్య తోట ఒకటి, నాలుగేళ్ళ ఏడు నెలలది, తొమ్మిది ఎంబీ. అందులో కోళ్ళు పదకొండు, ఆవు ఒకటి. మార్చి పది నుంచి ఇరవై వరకు ఆమె సాయంత్రాలు పదకొండు. ఆ తర్వాత నేను మరిచిపోయి కేక వేసి పిలిచినవి రెండు.

మిగిలినవి: ఆటలు మూడు, 61 జీబీ, రెండు ప్రతులు, ఒక్క ఫైలు తక్కువ లేదు, తెరిచేవారు లేరు. మార్చి ఇరవై ఒకటి నుంచి నేటి వరకు నలభై ఒక్క సాయంత్రాలలో ముప్పై తొమ్మిది.