జైలు మిషన్ కాడ దొరికిన పెద్దమ్మ

మా పెద్దమ్మ మొన్న బేస్తారం పొద్దుగాల సిద్దిపేట దవాఖానల పానం ఇడిసింది. "చుట్టాలకు చెప్పిన్రా?" అని నర్సమ్మ అడిగింది. పెద్దమ్మకు చేర్యాలల ఒక బిడ్డ ఉన్నది. తల్లిదండ్రులిద్దరు రోగమొచ్చి పోయిన్రని చెప్పి ఆ పిల్లను మేనమామ పెంచిండు. ఇప్పుడు ఆమెకు ఏమని కబురు పంపాలె? అందుకే మీకు చెప్పుకుంటున్న.

పెద్దమ్మ నాకు రక్తసంబంధం గాదు. ఇంటి జాగ కొట్లాట కేసుల నన్ను ఆడోళ్ల జైలుకు పంపిన్రు. మొదటినాడు గోడ పొంటి కూసోని ఏడుస్తున్న. ఆమె కుట్టు మిషన్ కాడికెల్లి లేచొచ్చి నా చేతిల గుడ్డముక్క పెట్టింది. "ఏడ్పు ఆగేదాక చూడకు బిడ్డా. ఏడ్చుకుంటనే సూదిల దారం ఎక్కియ్యి" అన్నది.

ఆమెది యావజ్జీవం. మొగడు తాగొచ్చి కొట్టెటోడు. ఒకనాడు రోకలి అందుకున్నది. ఆయన మళ్ల లేవలే. "ఆయన కొట్టిండని నేను చేసింది మాసిపోదు" అనేది. మాకందరికి కుట్టుడు నేర్పింది. కుట్టు వంకర పోతే తిట్టకపోయేది, విప్పి మళ్ల చేతికిచ్చేది. ములాఖత్‌కు పేర్లు పిలుస్తున్నంత సేపు మాత్రం తల ఎత్తకుంట మిషన్ తొక్కేది. ఆమె పేరు ఎన్నడు పిలవలే.

నేను బయటికొచ్చి సిద్దిపేటల కిరాయి గదిల కుట్టు దుకాణం పెట్టుకున్న. ఆమె నేర్పిన పనే నాకు బువ్వ పెట్టింది. కొన్నేండ్లకు ఆమెకు గూడ విడుదలొచ్చింది. తోలుకపోనీకి ఎవలు రాలే. నేనే పోయిన.

మా ఇంటికొచ్చినంక గూడ పెద్దమ్మ తలుపు తనంతట తాను తియ్యకపోయేది. గడప కాడ నిలవడి నా దిక్కు చూసేది.

"గొళ్లెం అందుతది గదా, తియ్యి" అంటే, "నువ్వు తియ్యి బిడ్డా, నా చెయ్యి పోతలేదు" అనేది.

పొద్దుగూకంగనే చాప మీద పోయి కూసునేది, ఎవలో వచ్చి లెక్కవెట్టుకుంటరన్నట్టు. గిరాకులు ఎవలన్న "ఏ ఊరమ్మా?" అని అడిగితే చేతిల పని వదిలి లోపలికి పోయేది.

పోయిన చలికాలం ఒకనాడు తనే అడిగింది, చేర్యాల బస్సు యాడ ఎక్కాలె అని. ఇద్దరం పోయినం. బిడ్డ రోడ్డు మీదనే గాజుల దుకాణం నడుపుతదని ఒక దూరపు చుట్టం చెప్పిండు. బస్సు ఆగినకాడ కిటికీలకెల్లే కనవడ్డది. అచ్చం పెద్దమ్మ మొఖమే. ఎవలో పెండ్లిపిల్లకు గాజులు ఎక్కిస్తుంది.

"దిగుదాం పా" అన్న.

పెద్దమ్మ ముందటి సీటు పట్టుకున్నది గని లేవలే. "ఇప్పుడైతే నేను దానికి సచ్చిపోయిన అమ్మను. దిగితే నాయినను సంపినదాన్నైత. వద్దు బిడ్డా, కూసో."

దుకాణంల ఆ పిల్ల, పెండ్లిపిల్లకు నొప్పి కాకుంట వేళ్లన్ని దగ్గరికి చేసి, మెల్లగ ఒత్తుకుంట గాజు ఎక్కిస్తుంది. బస్సు జనగామ దిక్కు కదిలింది. దుకాణం కనవడకుంట పోయినంక గూడ పెద్దమ్మ కిటికీ దిక్కే చూస్తుంది. ఒళ్లె పెట్టుకున్న తన ఎడమ చేతి వేళ్లను కుడిచేత్తోని దగ్గరికి చేసి, అట్లనే, మెల్లగ ఒత్తుకుంటుంది.