కాకి ముట్టని ప్లేటు

నేను గోరంతను కొండంత చేసే మనిషినని ముందే ఒప్పుకుంటున్నాను. ఏది చెప్పినా సగానికి తగ్గించుకోండి.

అరవైల చివర్లో పలాసలో నేను అద్దెకున్న ఇంటావిడ పొద్దున్నే ఎండిన కేకు ముక్కల్ని గుడ్డు గిలక్కొట్టిన పాలలో ముంచి, నేతిలో వేయించేది. ఆ వాసనకు మెయిలు బండి సిగ్నలు లేకుండానే ఆగిపోయేది. మొదటి ప్లేటు మాత్రం ఒక ఖాళీ కుర్చీ ముందు పెట్టేది. ఆ వంటకం నేర్పిన భర్త గూడ్సు బండి గార్డు. డ్యూటీకి వెళ్లి తిరిగి రాలేదు. చుట్టాలు పిండం పెట్టమంటే ఆవిడ ఒప్పుకునేది కాదు. ఆయన తిండిని కాకి ముడితే ఆయన పోయినట్టేనని, వంటింటి కిటికీ ఎప్పుడూ మూసే ఉంచేది.

ఒకనాడు గాలికి ఆ కిటికీ తెరుచుకుంది. వెయ్యి కాకులు లోపలికొచ్చాయి. ఆవిడ కళ్లు గట్టిగా మూసుకుంది.

"ముట్టిందేటి బాబూ? సెప్పు!"

కాకులన్నీ ప్లేటును వదిలేసి, అక్కడెవరో కూర్చున్నట్టు కుర్చీకేసి తలెత్తి చూశాయి. చప్పుడు చెయ్యకుండా వెళ్లిపోయాయి.

"ముట్టలేదు పిన్నీ."

"నానేటన్నాను? ఉన్నారు!" అని ఆవిడ కుర్చీ వైపు తిరిగింది. "ఏవండీ, ఇంకోటి ఎయ్యమంతారా?"

వెయ్యి లేవు, వచ్చింది ఒక్కటే కాకి. అది కుర్చీకేసి అలా చూసిన మాట నిజం. ముట్టలేదన్నదే నేను అప్పటికప్పుడు అల్లింది.