తువ్వాల మీది అల్లం

నా పరిశోధన ఒక వాషింగ్ మెషీన్‌తో మొదలైంది. అది మాది కాదు, బస్టాండు వెనక వీధిలో ఉండే టీచరమ్మది.

నేను జహీరాబాద్‌లో కాంటాలు బాగుచేస్తాను. కిరాణా కొట్లలో, కూరగాయల బండ్ల మీద, అల్లం కొనే మండీలో ఉండే తూకం కాంటాలు. మా నాన్న తక్కెళ్లు సరిచేసేవాడు. ఇంటర్ తర్వాత చదువు ఆపి ఆయన స్టూలు మీద నేను కూర్చున్నాను. ఇరవై ఆరేళ్లయింది. ఊళ్లో అందరికీ నేను కాంటా అక్కను. కాంటా విప్పగలిగే మనిషి బటన్లున్న ఏ వస్తువునైనా విప్పగలదని జనం నమ్మకం. అందుకే టీచరమ్మ నన్ను పిలిచింది. మెషీన్ మూత మీద వెండిరంగు స్టిక్కరు ఉంది. దాని మీద ‘ఫజ్జీ లాజిక్’ అని ఇంగ్లీషులో రాసి ఉంది.

"ఇదేంది టీచరమ్మా?"

"ఏమో అక్కా. కొన్నప్పుడు షాపాయన మస్తు చెప్పిండు. బట్టలు ఎంత మురికి ఉన్నయో అదే తెలుసుకుంటదంట."

"తెలుసుకుంటదా మరి?"

"తిరుగుతనే లేదు గద, ఇగ తెలుసుకునుడెక్కడిది!"

బెల్టు తెగింది. ఇరవై నిమిషాల పని. కానీ ఆ స్టిక్కరు నా బుర్రకు అంటుకుపోయింది. నా కాంటాకు కిలో అంటే కిలో, అంతే. ‘ఎంత మురికి’ అన్నది ఒక యంత్రానికి ఎలా తెలుస్తుంది?

చేతిలోకి మంచి ఫోను వచ్చాక ఆ ప్రశ్న మళ్లీ లేచింది. మధ్యాహ్నం గిరాకీ లేని వేళ షాపులో కూర్చుని పాఠాలు వినడం మొదలుపెట్టాను. మొత్తం ముప్పై ఎనిమిది పాఠాలు. ఇంగ్లీషు తొందరగా ఎక్కదు కనుక ఒక్కొక్కటి రెండుసార్లు విన్నాను, తొమ్మిదో పాఠం ఐదుసార్లు. నాకు అర్థమైంది ఇది. మామూలు కంప్యూటరుకు అవును, కాదు అనే రెండు మాటలే తెలుసు. ఫజ్జీ లాజిక్‌కు ఆ రెండింటి మధ్య ఉన్న దారంతా తెలుసు. అస్సలు కాదంటే సున్నా, పూర్తిగా అవునంటే ఒకటి. గోరువెచ్చని నీళ్లు 0.4 వేడి అనుకోవచ్చు. ఇందులో నాకు కొత్తేమీ కనపడలేదు. మా వైపు జనం పొద్దున లేచిన దగ్గరనుంచి మాట్లాడేది ఆ మధ్య దారిలోనే. జర ఉప్పెయ్యి. జర దూరముంది. జర జ్వరమొచ్చింది.

అయితే జర అంటే ఎంత? మొదటి ప్రయోగం మా ఆయన మీద చేశాను. ఆయన ట్రాక్టర్ల ఫ్యాక్టరీలో షిఫ్టులు చేస్తాడు. ఇంట్లో ఉన్నప్పుడు ఏ పని చెప్పినా ‘జర ఆగు’ అంటాడు. ఇరవై ఒక్కసార్లు గడియారం పెట్టి చూశాను. అతి తక్కువ నాలుగు నిమిషాలు, అతి ఎక్కువ యాభై ఐదు. వరసలో పేర్చితే సరిగ్గా మధ్యలో పడ్డది పదిహేడు.

ఆ కాగితం చూసి ఆయన అన్నాడు. "నా మీద కేసు పెడుతున్నవా ఏంది?"

"కేసు గాదు, పరిశోధన."

"గా యాభై ఐదు నిమిషాలప్పుడు క్రికెట్ ఉండె. అది లెక్కలకెల్లి తీసెయ్."

తీసేయలేదు. అట్లాగే ఉప్పు, కారం, దూరం కొలిచి, జరకు ఒక పట్టిక చేసి, ఇంగ్లీషులో నాలుగు పేజీలు రాసి, హైదరాబాద్‌లో ఇలాంటి విషయాల మీద జరిగే ఒక సభకు పంపాను. పేరు కింద ఏ యూనివర్సిటీయో రాయాలన్నారు. ‘కాంటాల రిపేరు షాపు, బస్టాండు ఎదురుగా’ అని రాశాను. ఆ ఒక్క పంక్తి కోసమే నా కాగితం చదివానని తర్వాత మేడం చెప్పింది.

మేడం అంటే అక్కడి ఇంజనీరింగ్ కాలేజీలో ప్రొఫెసర్. ఫోన్ చేసింది. పంటల మీద మూడేళ్ల ప్రాజెక్టు ఒకటి ఉందని, అందులో పరిశోధకుల చోటు ఒకటి ఖాళీగా ఉందని చెప్పింది. "డిగ్రీ అడగను. కానీ మా కమిటీకి ఏదో ఒకటి చూపించాలి కదా. పనిచేసే యంత్రం ఒకటి తయారు చేయండి. ఎండాకాలంలో నేనే వచ్చి చూస్తాను."

నలభై నాలుగేళ్ల వయసులో, కాంటాల స్టూలు మీద కూర్చున్న మనిషికి, పరిశోధకురాలు అని రాసి ఇస్తామంటున్నారు. ఆ వారం మూడు కాంటాలు తప్పు బిగించి మళ్లీ విప్పాను.

ఏం చేయాలో వెతుక్కోనక్కర్లేదు. మా దగ్గర అల్లం పండిస్తారు. తవ్విన అల్లంలోంచి విత్తనానికి కొంత దాచి, ఎండాకాలం నడుమ మళ్లీ నాటుతారు. నాటే ముందు ఒక్కొక్క కొమ్మూ చూసి ఏరాలి. గట్టిగా ఉందా, మొలక కళ్లు లేచాయా, లోపల కుళ్లు పట్టిందా అని. ఝరాసంగం దగ్గర ఒక పల్లెలో ఉండే పెద్దమ్మ ఈ పనిలో దిట్ట. నాకు చుట్టం కాదు, అందరికీ పెద్దమ్మే. కొమ్మును బొటనవేలితో నొక్కి, ఒక్కసారి వాసన చూసి, అటో ఇటో వేస్తుంది. చుట్టుపక్కల రైతులు విత్తనం ఆమె దగ్గరకే తెస్తారు. ఆమె చేసే పని ఫోటో చూసి చేసే యంత్రం నాకు కావాలి. ఆ మాటే ఆమెకు చెప్పాను.

"నా కండ్లు మసకయితున్నయి బిడ్డా. నీ మిషన్ మంచిగ జూస్తే ఈసారి నా అర్ధెకరం అది ఏరిన ఇత్తనంతోనే పెడ్త. ఖరాబయితే మాత్రం నీ షాపుల గూసుంట, లేవ."

యంత్రానికి చదువు చెప్పడానికి న్యూరల్ నెట్‌వర్క్ వాడాను. దాన్ని చాలా తేలిగ్గా చెప్పొచ్చు. బొమ్మలు చూపిస్తూ ఇది మంచిది, ఇది చెడ్డది అని చెబుతూ పోతే తేడా ఏమిటో తనే పట్టుకునే లెక్క అది. ఏ తేడా పట్టుకుందో మాత్రం చెప్పదు. ఆ లెక్క ఇచ్చిన అంకెను ఫజ్జీ లాజిక్ మన మాటలోకి మారుస్తుంది. మస్తు మంచిది, మంచిది, జర మంచిది, అంతంతే, పారెయ్. ఈ ఐదు మాటలు పెద్దమ్మవే.

నేను షాపు వదిలి రోజూ పోలేను. అందుకని పాత ఫోను ఒకటి స్టాండుకు బిగించి పెద్దమ్మకు ఇచ్చాను. ఆమె ఏరుతుంటే పక్కింటి ఆడవాళ్లు ఫోటోలు తీశారు. మంచివి ఆరువందలు, చెడ్డవి ఐదువందల నలభై. తొమ్మిదివందలతో యంత్రానికి చదువు చెప్పి, మిగిలిన రెండువందల నలభైతో పరీక్ష పెట్టాను. రెండువందల ముప్పై ఒకటి సరిగ్గా చెప్పింది. నూటికి తొంభై ఆరుకు పైనే. ఆ రోజు ఇంట్లో సేమ్యా పాయసం చేశాను.

అప్పుడే అనుమానపడాల్సింది. కొత్తగా వచ్చిన కాంటా ముల్లు వణక్కుండా నిలబడితే మా నాన్న ముందు దాన్ని వేలితో తట్టి చూసేవాడు, ఎక్కడో ఇరుక్కుందని. ఇరవై ఆరేళ్లుగా నేనూ తడుతున్నాను. నా సొంత యంత్రాన్ని మాత్రం తట్టలేదు.

మేడం చెప్పినట్టే వచ్చింది. జహీరాబాద్ నుంచి ఇద్దరం షేర్ ఆటోలో వెళ్లాం. ఆటోలో మాతో కలిపి పదకొండు మంది, దారిలో పద్నాలుగు స్పీడ్ బ్రేకర్లు. అవి ఎక్కినప్పుడల్లా మేడం నా ల్యాప్‌టాప్ సంచిని పసిబిడ్డలా పట్టుకుంది. పెద్దమ్మ ఇంటి ముందర చాప వేసి, దాని మీద ఉతికిన కొత్త తువ్వాల పరిచి ఉంచింది. ఫోను దానిపైన స్టాండుకు నిలబడి ఉంది.

"రా మేడమ్మా. చాయ్ తాగుతవా, ముందు మిషన్ జూస్తవా?"

"ముందు మిషన్ చూస్తానమ్మా." మేడం నేరుగా పారేసిన కుప్ప దగ్గరకు పోయి, వేళ్లకు అంటుకునేంత మెత్తటి కొమ్ము ఒకటి తెచ్చి తువ్వాల మీద పెట్టింది. "మొదట చెడ్డదే చూద్దాం."

తెర మీద అంకె పడింది. 0.93. మస్తు మంచిది.

ఇంకొకటి పెట్టింది. 0.95. మస్తు మంచిది.

పెద్దమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. "మా గొడ్లు గూడ మూతి వెట్టయి దాన్ని!"

"వెలుతురు ఎక్కువైందేమో," అంది మేడం, చాలా మర్యాదగా. ఇంతలో ఆమె ఫోను మోగింది. అక్కడ సిగ్నల్ సరిగ్గా లేదు. మాట్లాడుకుంటూ రోడ్డు దాకా నడిచింది.

నేను తువ్వాల వైపు చూస్తూ కూర్చున్నాను. "పెద్దమ్మా, ఫోటోలు తీసినప్పుడు అల్లం దేని మీద పెట్టిన్రు?"

"మంచివి తువ్వాల మీద. ఇత్తనం గద బిడ్డా, ఎక్కడవడితె అక్కడ పెడ్తమా? ఇంటికొచ్చిన వియ్యపురాలిని కటిక నేల మీద కూసుండమంటమా?"

"చెడ్డవి?"

"గోనె మీద. కుళ్లినదానికి తువ్వాలెందుకు, దండుగ!"

నా తొంభై ఆరు అక్కడ ఉంది. నా యంత్రం అల్లం వైపు ఒక్కసారీ చూడలేదు. తువ్వాల ఉంటే మంచిది, గోనె ఉంటే చెడ్డది. తొమ్మిదివందల సార్లు అదే పాఠం విని, అదే అప్పజెప్పింది.

పెద్దమ్మ నా ముఖం చూసి, మూలనున్న గోనెపట్టా తెచ్చి కుళ్లిన కొమ్ము కింద దోపింది. 0.04. పారెయ్. "సూడు, ఇప్పుడు సక్కగ జెప్తున్నది! గిట్లనే పెట్టి సూపియ్యి. మేడంకేమెరుక?"

నేను లెక్క వేసుకున్నాను. మేడం మాట్లాడి తిరిగి రావడానికి రెండు నిమిషాలు. మంచివాటికి తువ్వాల, చెడ్డవాటికి గోనె వేస్తూ పోతే, వందకు వంద. మూడేళ్ల చోటు నాది. అటువైపు చూస్తే, నేలంతా ఒకటే రంగు ఉండే పెద్దమ్మ అర్ధెకరం. అందులో తువ్వాల ఎవరు పరుస్తారు? వానలు పడ్డాక అక్కడ మొలిచేది అల్లం కాదు, నా తొంభై ఆరు. పెద్దమ్మ షాపులో కూర్చుంటానన్నది ఉత్త బెదిరింపు కాదు. ఆమె కూర్చుంటుంది.

మేడం వచ్చింది. నేను గోనె లాగేసి, సంచిలోంచి అరకిలో ఇత్తడి తూకపురాయి తీసి తువ్వాల మీద పెట్టాను.

0.97. మస్తు మంచిది.

"మేడం, నా యంత్రానికి అల్లం తెలియదు," అన్నాను. "తువ్వాల తెలుసు." గొంతు జర వణికింది, 0.8 అనుకోండి. జరిగింది మొత్తం చెప్పాను. గోనె సంగతి కూడా.

మేడం తన కళ్లద్దాలు తీసి తువ్వాల మీద పెట్టింది. 0.94. తాళంచెవులు పెట్టింది. 0.96. పెద్దమ్మ ఊరుకుంటుందా, నా కుడికాలి చెప్పు ఎత్తి పెట్టింది. 0.91.

"చెప్పుకు గూడ మొలకొస్తదంటున్నది, పెట్టమంటవా చేన్ల?"

"దీనికి మీరు అతిథి మర్యాద నేర్పారమ్మా," అంది మేడం. కళ్లు తుడుచుకుంటోంది, నవ్వుతోనే. చాయ్ తాగింది. పుస్తకంలో రెండు పేజీలు రాసుకుంది. నాకు మాత్రం ఏమీ చెప్పకుండా వెళ్లిపోయింది.

పంతొమ్మిది రోజులు. మా ఆయన రోజూ అడిగేవాడు. "ఏమన్నది మీ మేడం?"

"ఏమనలే."

"జర ఆగు," అనేవాడు. ఆ మాటకు ఇన్నేళ్లలో మొదటిసారి నాకు కోపం రాలేదు.

ఇరవయ్యో రోజు ఫోన్ వచ్చింది. కమిటీ వాళ్లు యంత్రం ఎలా పనిచేసిందని అడిగితే, పనిచేయలేదని చెప్పిందట. ఎందుకు పనిచేయలేదో తయారుచేసిన మనిషే ఐదు నిమిషాల్లో పట్టుకుని తనకు చూపించిందని కూడా చెప్పిందట. "వచ్చే నెల చేరండి. మొదటి పని మీకు తెలిసిందే. ఆ ఫోటోలన్నీ మళ్లీ తీయాలి."

అది అనుకున్నంత తేలిక కాలేదు. అన్నీ ఒకేదాని మీద పెట్టి తీయాలన్నాను. ఆడవాళ్లు ఒప్పుకోలేదు. విత్తనాన్ని గోనె మీద పెట్టడం పాపం, కుళ్లును తువ్వాల మీద పెట్టడం అసహ్యం. స్టీలు పళ్లెం అన్నాను. అందులో అన్నం తింటామన్నారు. అరటాకు అన్నారెవరో, అది రోజుకో రంగు మారుతుంది. రెండు రోజులు ఈ పంచాయతీ నడిచింది. చివరికి షాపుకు పోయి ఒక పాత కాంటా మీది వెడల్పు రేకు విప్పి తెచ్చాను. దాన్ని చూడగానే అందరూ ఊరుకున్నారు. కాంటా మీదికి మంచీ వస్తుంది, చెడ్డా వస్తుంది. అక్కడ ఎవరూ చుట్టం కాదు.

ఈసారి యంత్రం నూటికి ఎనభై ఒకటి సరిగ్గా చెప్పింది. కొన్నిటి దగ్గర ఎటూ తేల్చుకోలేక 0.5 చుట్టూ ఊగుతుంది. వేలితో తట్టి చూశాను. ఎక్కడా ఇరుక్కోలేదు.

ఆ ఏడు అర్ధెకరం మాత్రం పెద్దమ్మ తన బొటనవేలితోనే ఏరి నాటింది. యంత్రాన్ని ఆమె ఇంకా పరీక్షిస్తూనే ఉంది. నేను పోయినప్పుడల్లా రేకు మీద ఏదో ఒకటి పెడుతుంది. కళ్లద్దాలకు 0.03 వచ్చింది, తాళంచెవులకు 0.02. మొన్న తన చెయ్యే పెట్టింది. ముడతలు, కణుపులు, మట్టి రంగు. యంత్రం చాలాసేపు ఆలోచించినట్టనిపించింది.

0.64. జర మంచిది.

పెద్దమ్మ చెయ్యి తీసి అటూ ఇటూ తిప్పి చూసుకుంది.

"జరనేనా?"