ఇరవై నిమిషాల ఇంటర్వెల్

రెండు వేల ఆరులో, దసరా వెళ్లిన వారం, శ్రీరాంపూర్ బొగ్గు గనుల కాలనీలోని ఒక సినిమా హాలులో నేను హెడ్ ఆపరేటర్‌ని. అంటే రెండు ప్రొజెక్టర్లు, ఒక అసిస్టెంటు, ఒక కత్తెర నా అధీనంలో ఉండేవి. రీలు అయిపోయే ముందు తెర పైమూలలో ఒక చుక్క మెరుస్తుంది. అది చూసి తర్వాతి రీలు ఎక్కించిన రెండో మిషన్ మొదలుపెట్టాలి. సరిగ్గా చేస్తే మమ్మల్ని ఎవరూ తలుచుకోరు. తప్పితే హాలంతా తలుచుకుంటుంది, మా అమ్మానాన్నలతో సహా.

ఆ వారం ఒక తమిళ డబ్బింగ్ సినిమా వేశాం. పెంపుడు కూతురి కథ. సగానికి కన్నతల్లి వచ్చి గేటు ముందు నిలబడుతుంది, అక్కడ ఇంటర్వెల్. చివరికి పిల్ల కన్నతల్లితో వెళ్లిపోతుంది. మా కాలనీ ఆడవాళ్లు రెండేసి సార్లు వచ్చి మరీ ఏడ్చారు.

ఆదివారం మ్యాట్నీకి ముందు సమ్మక్క ప్రొజెక్టర్ క్యాబిన్ మెట్లెక్కి వచ్చింది. ఆమె భర్త బొగ్గు బాయిలో పని చేసేవాడు, నాకు తెలిసినవాడే. వాళ్ల కూతురు రజితకు పదేళ్లు. చొప్పదండిలో ఉన్న ఆడబిడ్డకు నాలుగో కాన్పులో పుడితే, నెలల పిల్లప్పుడే తెచ్చుకుని పెంచుకున్నారు. కాలనీలో అందరికీ తెలుసు, రజితకు తప్ప. కన్నతల్లిని ఆ పిల్ల అత్త అని పిలిచేది.

“కన్నతల్లి వచ్చే సీను జర కోస్తవా అన్నా?” అని సమ్మక్క అడిగింది. ఆమె సినిమా మొదటి రోజే చూసింది. పక్కింటివాళ్లు అప్పుడే ‘గిది మీ రజిత కథ లెక్కనే ఉన్నది’ అంటున్నారట. కాలనీ పిల్లలందరితో కలిసి రజిత ఆ మ్యాట్నీకే వస్తోంది. ఎవరి నోటనో వింటుందని తల్లి భయం.

కోయడం నాకు నిమిషం పని. చిరిగిన చోట కత్తిరించి, సిమెంటు అనే ఫిల్ము జిగురుతో అతికించడం రోజూ ఉండేదే. కానీ సెన్సారు సర్టిఫికెట్‌లో సినిమా పొడవు రాసి ఉంటుంది. బాగున్న రీలును కోసే హక్కు ఆపరేటర్‌కు లేదు. పైగా పక్కింటివాళ్ల నోటికి నా కత్తెర అందదు. అదే చెప్పాను. “నువ్వే చెప్పు చెల్లె, ఇంటర్వెల్‌ల చెప్పు. నువ్వు చెయ్యెత్తేదాక నేను మళ్ల సినిమా మొదలయ్యే బెల్లు కొట్ట” అన్నాను. “నోరు వస్తలేదన్నా” అని ఆమె దిగిపోయింది.

ఇంటర్వెల్ మామూలుగా పది నిమిషాలు. క్యాబిన్ కిటికీలోంచి చూస్తే, సైకిల్ స్టాండు పక్క మెట్ల మీద తల్లీకూతుళ్లు కూర్చుని ఉన్నారు. పది నిమిషాలయ్యాయి. ప్రకటనల స్లయిడ్లు మళ్లీ మొదటి నుంచి వేశాను. ఈలలు మొదలయ్యాయి. మేనేజరు రొప్పుతూ పైకి వచ్చాడు. ఉన్నది ఉన్నట్టు చెప్పాను. ఆయన కిటికీలోంచి ఆ మెట్ల వైపు చూసి, “గా చీరెల దుకాణం స్లయిడు మళ్లొకసారి ఎయ్యి” అన్నాడు. కిందికి పోయి మిషన్ వేడెక్కిందని జనానికి చెప్పాడు. మిషన్ చల్లగానే ఉంది.

ఇరవై నిమిషాలకు సమ్మక్క చెయ్యెత్తింది. బెల్లు కొట్టాను.

మర్నాడు ఆమె వచ్చి జరిగింది చెప్పింది. అంతా విని రజిత ఒకటే అడిగిందట, గేటు ముందున్న అమ్మ ఆ పిల్లను తీసుకపోతదా అని. “గా పిల్ల పోతది బిడ్డా. నిన్నైతే నేను పంప” అన్నదట సమ్మక్క. పిల్ల కళ్లు తుడుచుకుని, “అయితే పా అవ్వా, సినిమా పోతది” అని తల్లి చెయ్యి పట్టుకుని లోపలికి లాక్కుపోయిందట.

ఆ మేనేజరుకు, ఈలలు వేసి కూడా లేచిపోని ఆ జనానికి నేను ఇప్పటికీ రుణపడి ఉన్నాను. అంతవరకు రీలు ఆగకుండా చూడడమే నా పని అనుకునేవాణ్ణి. కథలో ఒక్క ఫ్రేము కూడా మార్చే అధికారం ఆపరేటర్‌కు లేదు. బెల్లు మాత్రం అతని చేతిలో ఉంటుంది. ఆ తర్వాత రిటైరయ్యేదాకా, ఇంటర్వెల్ అయిపోయిన బెల్లు కొట్టే ముందు ఒకసారి కిటికీలోంచి కిందికి చూసేవాణ్ణి.