చిన్నాన్న వేసిన రాకెట్టు పట్టాలు

మొన్న పొద్దున్న స్టవ్వు మీద ఉప్మా కలుపుతుంటే రేడియోలో వార్త వచ్చింది. శ్రీహరికోట నుంచి పైకి పంపిన పెద్ద రాకెట్టు కాసేపు ఎగిరి సముద్రంలో పడిపోయిందట. మా ఆయన టీ గ్లాసు కింద పెట్టి, సొంత తమ్ముడు పరీక్ష తప్పినట్టు మొహం పెట్టాడు. పక్కవాటా బెంగాలీ దీదీ గోడ మీంచి తల పెట్టి "ఇష్" అని జాలిపడింది. నాకు మాత్రం ఏమీ అనిపించలేదు. అలాగని నేను రాతి మనిషినేం కాదు. వీధిలో మేకపిల్ల కుంటుతూ కనిపిస్తే ఆ పూట నాకు అన్నం దిగదు, మా ఆయన దానికి నన్ను రోజూ వెక్కిరిస్తాడు. కానీ శ్రీహరికోట అన్న మాట వింటే మాత్రం పన్ను పీకించుకుని వచ్చాక దవడ ఎలా ఉంటుందో అలా అయిపోతాను. నా దవడే, నా నోరే, కానీ గిల్లినా తెలీదు. అలా ఎందుకో మా ఆయనకి కూడా సరిగ్గా ఎప్పుడూ చెప్పలేదు. ఆ దీవిలో రాకెట్లు నిలబెట్టడానికి మొదట్లో ఒక నేల కట్టారు. ఆ నేల మీద పట్టాలు వేసిన వాళ్ళలో మా చిన్నాన్న ఒకడు.

రాకెట్టుకి పట్టాలేంటని మీరు అడుగుతారు. మేమూ అడిగాం. అప్పుడు మేం ఖరగ్‌పూర్ న్యూ సెటిల్‌మెంట్‌లో రైల్వే క్వార్టర్లో ఉండేవాళ్ళం. నాన్న పట్టాలు చూసుకునే గ్యాంగులో మేటు, అంటే ఆ గ్యాంగుకి పెద్ద. చిన్నాన్న మా దగ్గరే ఉండేవాడు. ఆయనా పట్టాల పనే చేసేవాడు కానీ క్యాజువల్. మా ఊళ్ళో ఆ మాటకి అర్థం చెప్పక్కర్లేదు. బయటివాళ్ళ కోసం చెప్తున్నాను. పని ఉన్నప్పుడు పిలుస్తారు, లేనప్పుడు ఇంటికి పొమ్మంటారు, పిల్లనెవరూ ఇవ్వరు. చిన్నాన్న విషయంలో ఆ చివరిది కొంచెం తప్పింది. రెండు బ్లాకుల అవతల వర్క్‌షాపు ఫిట్టరు గారి అమ్మాయికి చిన్నాన్న అంటే ఇష్టం. మా ఇంటికి పిండి జల్లెడ అడగడానికి వచ్చేది, వాళ్ళింట్లో జల్లెడ ఉన్నా సరే. నాకు జడ వేసేటప్పుడు చిన్నాన్న గుమ్మంలోకి వస్తే నా జుట్టు అలాగే పట్టుకుని నిలబడిపోయేది, నా మెడ ఏమైపోతోందో చూసుకునేది కాదు. నేను ఆవిణ్ణి అప్పుడే పిన్నీ అని పిలవడం మొదలుపెట్టేశాను. వాళ్ళ నాన్న చెడ్డవాడేం కాదు, మాట మాత్రం ఒక్కటే చెప్పాడు. కుర్రాడు పర్మినెంటు అయిన రోజున ముహూర్తం పెట్టిస్తానన్నాడు.

ఆ సమయంలోనే నెల్లూరు వైపు నుంచి ఒక కాంట్రాక్టరు మనిషి మా బ్లాకుల్లోకి వచ్చాడు. సముద్రం ఒడ్డున దీవిలో పట్టాల పని ఉంది, తెలుగు తెలిసి లైను పని వచ్చిన కుర్రాళ్ళు కావాలన్నాడు. పని బాగా చేసినవాణ్ణి, ఆ పట్టాలు చూసుకోవడానికి అక్కడే పర్మినెంటుగా పెట్టుకుంటారని, ఉండటానికి ఇల్లు కూడా ఇస్తారని చెప్పాడు. ఫిట్టరు గారు కూడా వచ్చి విన్నాడు. ఆ పట్టాల మీద మొదటిసారి బండి కదిలేదాకా తన కూతురికి వేరే సంబంధం చూడనని నాన్నకి మాటిచ్చాడు. చిన్నాన్న రేకు పెట్టె సర్దుకుని వెళ్ళిపోయాడు. పిన్ని కొన్నాళ్ళు జల్లెడ అడగడానికి రాలేదు.

మధ్యలో ఒకసారి, దసరా పూజల రోజుల్లో, సెలవు పెట్టుకుని వచ్చాడు. ఎండకి నల్లబడ్డాడు కానీ మాట మాత్రం పెరిగింది. పెరట్లో బొగ్గు ముక్కతో గచ్చు మీద బొమ్మ గీసి చూపించాడు. మన రైల్వే ఇన్‌స్టిట్యూటు గ్రౌండంత కాంక్రీటు నేలట. దాని మీద రెండు పట్టాలు, మన బ్రాడ్‌గేజి కంటే ఎడంగా, మలుపూ లేదు, స్టేషనూ లేదు, గట్టిగా పరిగెత్తేలోపల అయిపోతాయట. వాటి మీద చక్రాలున్న పెద్ద షెడ్డు. ఎండా వానా ఉప్పుగాలీ తగలకుండా రాకెట్టుని ఆ షెడ్డులోపల నిలబెట్టి సిద్ధం చేస్తారు. అంతా అయ్యాక షెడ్డుని పట్టాల మీద వెనక్కి లాగేస్తారు, రాకెట్టు ఒక్కటే ఆకాశం కింద మిగులుతుంది. మంట పక్కకి పోవడానికి దాని కాళ్ళ కింద కాంక్రీటు కాలవ, దూరంగా మట్టిగట్టు వెనక మనుషులు దాక్కునే మందపు గోడల గది. "షెడ్డే బండి వొదినా, రాకెట్టే పేసింజరు. బండెల్లిపోద్ది, పేసింజరు టేసన్లోనే ఉండిపోతాడు" అన్నాడు. అమ్మ బియ్యం ఏరడం ఆపి నవ్వింది.

సముద్రం ఒడ్డునే ఎందుకని నేనడిగాను. పడితే నీళ్ళలో పడుతుందన్నాడు. తూర్పు వైపు ఎందుకంటే, నడుస్తున్న బండి లోంచి దిగేటప్పుడు బండి పోయే వైపే దిగుతాం కదా, భూమి కూడా అటే తిరుగుతోందట, ఆ ఊపు రాకెట్టుకి కలిసొస్తుందట. ఖరగ్‌పూర్ పిల్లకి అంతకంటే బాగా ఎవరు చెప్పగలరు. అంతకుముందు కేరళలో, చేపలవాళ్ళ ఊరు పక్కన చిన్న చిన్న రాకెట్లు వదిలేవారట, మొదట్లో అక్కడి చర్చిలోనే ఆఫీసు పెట్టుకున్నారట. ఈ దీవిలో కూడా ముందు మనుషులున్నారు, వాళ్ళని నీటికి ఇవతలి ఒడ్డుకి పంపించేశారని అన్నాడు.  తర్వాత బొగ్గుతో ఒక మూల చిన్న ఇల్లు గీసి, ఇది మనకిచ్చే క్వార్టరు అన్నాడు. అది నాకోసం గీసింది కాదు. జల్లెడ కోసం వచ్చి పెరటి గుమ్మంలో నిలబడ్డ మనిషి కోసం గీశాడు.

వెళ్ళే రోజు సాయంత్రం నాన్న తన డ్యూటీ సంచి లోంచి కాగితంలో చుట్టిన పొట్లం తీసి చిన్నాన్న పెట్టెలో పెట్టాడు. అందులో ఉన్నవి పటాకాలు. దీపావళివి కాదు. పొగమంచులో సిగ్నలు కనపడనప్పుడో, ముందు పట్టా విరిగినప్పుడో గ్యాంగువాళ్ళు పట్టాకి ఒక రేకు బిళ్ళ కడతారు. ఇంజను చక్రం ఎక్కగానే అది పెద్దగా పేలుతుంది, డ్రైవరు బండి ఆపుతాడు. ఆఫీసులో దాన్ని డిటోనేటరు అంటారు. భయానికి పెట్టే ఆ బిళ్ళనే మావాళ్ళు సంతోషానికి కూడా పెడతారు. డ్రైవరు రిటైరయ్యే రోజు ఆఖరి ట్రిప్పులో, కొత్త లైను మీద మొదటి బండి కదిలినప్పుడు, వరసగా పేలుతుంటే అందరూ చప్పట్లు కొడతారు. నాన్న ఇచ్చినవి గడువు తీరినవి. ఆఫీసుకి తిప్పి ఇచ్చెయ్యాలి, ఇవ్వకుండా దాచాడు. "కొత్త లైను మూగగా తెరవకూడదురా తమ్ముడూ. పాతయే, పేల్తాయో లేదో. బండి కదిలినపుడు పెట్టు" అన్నాడు. నాన్న తన తమ్ముడికి దీవెన ఇచ్చాననే అనుకున్నాడు. మేమందరం కూడా అలాగే అనుకున్నాం.

అక్కడ జరిగింది మాకు చిన్నాన్నతో పాటు వెళ్ళిన మా ముందు బ్లాకు కుర్రాడు తర్వాత చెప్పాడు. షెడ్డుని మొదటిసారి కదిపే రోజున పెద్ద ఆఫీసర్లు వచ్చారు. కొబ్బరికాయ కొట్టారు. రాకెట్లు ఇంకా రాలేదు, కానీ అప్పటికే గేటు దగ్గర అగ్గిపెట్టెలు తీసేసుకుంటున్నారు. పనిముట్ల పెట్టెలు మాత్రం ఎవరూ వెతికేవారు కాదు. చిన్నాన్న పొద్దున్నే వెళ్ళి పటాకాలు పట్టాకి కట్టి, వాటి మీద బంతిపూల రేకలు చల్లాడు. షెడ్డు మెల్లగా కదిలింది. పాతవే అయినా అన్నీ పేలాయి. ఆఫీసర్లు కాంక్రీటు మీద బోర్లా పడ్డారు, ఒకాయన మంట పోయే కాలవలోకి దూకాడు, ఎక్కడో సైరను మోగింది. చిన్నాన్న ఒక్కడే నిలబడి రెండు చేతులూ జోడించి నవ్వుతున్నాడు. "అందరూ ఎందుకు పడుకున్నారో నాకు తెలీలేదు వొదినా" అని తర్వాత అమ్మతో అన్నాడు.

ఎవరికీ దెబ్బలు తగల్లేదు. రేకు ముక్కల మీద రైల్వే ముద్ర చూసి, ఇవి ఎవరిచ్చారని పొద్దుపోయేదాకా అడిగారట. గూడూరు దగ్గర లైను పక్కన దొరికాయని చిన్నాన్న ఒక్కటే మాట మీద ఉన్నాడు. చివరికి ఒక పెద్దాయన కూర్చోబెట్టి మంచినీళ్ళిచ్చి, నీ పనిలో లోపం లేదు, కానీ రేపు ఇక్కడ మందు నింపిన రాకెట్టు నిలబడుతుంది, చప్పుడుని శుభం అనుకునే మనిషిని ఇక్కడ ఉంచలేను అని చెప్పాడట. ఆయన చెప్పింది తప్పని చిన్నాన్న ఎప్పుడూ అనలేదు. మాకెవరికీ అది తప్పని అనిపించలేదు. తిట్టుకోవడానికైనా ఒకడు దొరికి ఉంటే కొంచెం తేలికగా ఉండేదేమో.

చిన్నాన్న రేకు పెట్టెతో తిరిగొచ్చి, కాళ్ళు కడుక్కుని, అన్నం తిన్నాడు. గూడూరు దగ్గర దొరికాయని చెప్పానన్న మాట కూడా, వంకాయ కూర బాగుందన్నంత మామూలుగా చెప్పాడు. నాన్న అప్పుడు చెయ్యి కడుక్కుంటున్నాడు. చెంబులో నీళ్ళు అయిపోయాయి, అయినా చెంబు అలాగే వంచి పట్టుకున్నాడు. తర్వాత లేచి డ్యూటీకి వెళ్ళిపోయాడు. ఆ రోజు ఆయనకి డ్యూటీ లేదు.

ఫిట్టరు గారు మాట తప్పలేదు. బండి కదిలేదాకా ఆగుతానన్నాడు, బండి కదిలింది. రాయగడ వైపు రైల్వేలో పాయింట్స్‌మన్‌గా ఉన్న అబ్బాయి సంబంధం కుదిర్చాడు. పెళ్ళిలో మా బ్లాకుల మగవాళ్ళందరూ వడ్డనకి దిగారు, చిన్నాన్న కూడా దిగాడు. పులిహోర బేసిను పట్టుకుని వరస వరసకీ వచ్చాడు. పెళ్ళికొడుకు దగ్గర ఆగి, ఇంకొంచెం వెయ్యమంటారా అని అడిగాడు. ఆయన వద్దన్నా వేశాడు. పిన్ని తల వంచుకుని తన విస్తరిలో మెతుకులు ఒక పక్కకి జరుపుతూ కూర్చుంది. నేను ఏడుస్తానని అమ్మ నన్ను తన పక్కనే కూర్చోబెట్టుకుంది. నాకు ఏడుపు రాలేదు. నా దవడ మొద్దుబారడం మొదలైంది ఆ పందిట్లోనే అనుకుంటాను.

తర్వాత చిన్నాన్నని రైల్వేలో క్యాజువల్‌గా కూడా పిలవడం తగ్గింది, ఎందుకో ఎవరూ చెప్పలేదు. మలంచా రోడ్డులో సైకిల్ షాపులో చేరాడు, ఇప్పటికీ అక్కడే. పెళ్ళి మాట ఎత్తితే చక్రం బెండు తీస్తున్నట్టు తల వంచేస్తాడు. నాన్న రిటైరయ్యాడు, క్వార్టరు ఖాళీ చేసి ఝపటాపూర్‌లో మా ఇంటికి దగ్గరలోనే అద్దెకి వచ్చారు. సాయంత్రాలు అన్నదమ్ములిద్దరూ ఒకే మంచం మీద కూర్చుంటారు. మాట్లాడుకోరని కాదు. బంగాళాదుంపల ధర, కుళాయి ఎప్పుడు వస్తుంది, ఎవరింట్లో ఎవరికి జ్వరం, అన్నీ మాట్లాడుకుంటారు.

రేడియో విన్న రోజున టీ పట్టుకెళ్ళి వాళ్ళ దగ్గర కూర్చున్నాను. వార్త వాళ్ళూ విన్నారు. మాటలు మాత్రం కుళాయి గురించే. నేనే, నోరు ఆగక, నాన్న ముందే అడిగేశాను.

"ఆ పటాకాలు మా నాన్న ఇచ్చినాడని అప్పుడు ఎందుకు సెప్పలేదు సిన్నాన్నా?"

చిన్నాన్న గ్లాసులోకి ఊదుకుంటూ, "సెప్తే ఏటవుద్ది గుంటా. ఇంట్లో ఒక్కడైనా పర్మినెంటు ఉండాల గదా" అన్నాడు.

నాన్న గోడ వైపు చూస్తున్నాడు. ఇన్నేళ్ళకి ఏదైనా అంటాడేమోనని నేను కదలకుండా కూర్చున్నాను. నాన్న తమ్ముడి మోకాలి మీద చెయ్యి వేసి, "టీ సల్లారిపోతంది, తాగు" అన్నాడు. చిన్నాన్న తాగాడు. నా దవడకి నొప్పేమైనా తెలుస్తుందేమోనని చూశాను, తెలీలేదు. బాధ మా ఇంట్లోంచి ఎప్పుడు వెళ్ళిపోయిందో, అది కూర్చున్న చోట అలవాటు ఎప్పుడు వచ్చి కూర్చుందో, ఇన్నేళ్ళలో మాలో ఒక్కరం కూడా చూడలేదు.