అయిపోని లావు పుస్తకం

మా ఎకనామిక్స్ సార్ పోయారన్న కబురు అందేసరికి నేను గిద్దలూరు కాలేజీలో ఫస్టియర్ పిల్లలకి జాతీయాదాయం చెబుతున్నాను. క్లాసులో నేను ఫోన్ ఎత్తను. కానీ తెర మీద అమ్మగారి పేరు కనిపించింది. అమ్మగారంటే సార్ భార్య. పగటిపూట ఊరికే ఫోన్ చేసే మనిషి కాదు. వరండాలోకి వచ్చి ఎత్తాను.

"పాపా, మీ సారు పోయినాడమ్మా. పొద్దున కాఫీ తాగినాడు, చక్కెర తక్కువేసినావని నాతో తగువు పెట్టుకున్నాడు, కుర్చీలో వెనక్కి వాలినాడు. అంతే."

పిల్లల్ని పంపించేసి రైలెక్కాను. ఏడుపొచ్చింది, దాచుకోలేదు. కానీ కంభం దాటి మార్కాపురం వైపు పోతుంటే, ఏడుపు మధ్యలోనే నవ్వొచ్చింది. ఎదురుగా కూర్చున్న పెద్దావిడ నాకేదో అయిందనుకుని మంచినీళ్ళ సీసా చేతికిచ్చింది. నాకు నవ్వు తెప్పించింది సార్ ఒకప్పుడు మా నాయనతో ఆడిన అబద్ధం. నేనీరోజు నలుగురికి పాఠం చెప్పే మనిషినయ్యానంటే ఆ అబద్ధం పుణ్యమే. ఆ సంగతి చెప్పాలనే ఇది రాస్తున్నాను.

సార్ మార్కాపురంలో డిగ్రీ పిల్లలకి అర్థశాస్త్రం చెప్పేవారు. సొంతూరు కంభం చెరువు కింద పల్లె, సేద్యం చేసే కుటుంబం. ఆయన ఇంటి ముందు గది నిండా పుస్తకాలే. అన్నీ దాదాపు ఒకే సంగతి గురించి: కొన్ని దేశాలు ఎందుకు పేదగా ఉండిపోయాయి, కొన్ని ఎట్లా పైకొచ్చాయి, పైకొచ్చిన దేశంలోనైనా అందరూ పైకొచ్చారా లేదా. ఆదివారం వస్తే ఇష్టమున్న పిల్లలం నలుగురైదుగురం అక్కడ చేరేవాళ్ళం. ఆయన ఒక అధ్యాయం ఇంగ్లీషులో చూస్తూ తెలుగులో చెప్పేవారు.

ఆ గదిలో అరలకి పేర్లుండేవి. పలకల ఫ్యాక్టరీలో మూల విరిగి పక్కన పడేసినవి ఏరుకొచ్చి, అరకొకటి చొప్పున నిలబెట్టి, బలపంతో రాసిపెట్టేవారు. నీళ్ళు, భూమి, పంటల గురించిన పుస్తకాలున్న అర పేరు 'కంభం'. మార్కాపురం పలకల మాదిరి పరిశ్రమలు లేవడం, పడిపోవడం గురించినవన్నీ 'పలకలు'. వలస, కూలి, గొర్రెలు మేపుకునే వాళ్ళ బతుకు గురించినవి 'అర్ధవీడు'. ధరలు, బేరాల పుస్తకాలకి 'కనిగిరి' అని ఎందుకు పెట్టారో చాలా రోజులు మాకు అర్థం కాలేదు. అది అమ్మగారి పుట్టిల్లు. ఎందుకని అడిగితే సార్ వంటింటి వైపు చూసి ఊరుకునేవారు. అన్నిటికన్నా పైన, ఆర్థిక వృద్ధి సిద్ధాంతాల లావు పుస్తకాలుండే అర ముందు మాత్రం ఏమీ రాయని పలక ఉండేది. "వీటికింకా ఊరు దొరకలా" అనేవారు.

నేను అర్ధవీడు మండలం పిల్లని. మాది కూలి చేసుకునే ఇల్లు. ఆదివారం పొద్దున చర్చి, సాయంత్రం సార్ ఇల్లు. చదివిందంతా తెలుగు మీడియం. ఆ పుస్తకాలన్నీ ఇంగ్లీషు. మొదటిసారి ఒకటి చేతిలోకి తీసుకున్నప్పుడు నా మొహం ఎట్లా ఉందో గానీ, సార్ దాన్ని లాక్కుని మధ్యలో ఒక పట్టిక తెరిచి మళ్ళీ ఇచ్చారు.

"అంకెలకి ఇంగ్లీషు అక్కర్లేదు కదా. ముందు టేబుల్ చూడు. ఏం తెలిసిందో నీ మాటల్లో చెప్పుకో. ఆ తర్వాత దాని కింద పుస్తకమాయన ఏం రాసినాడో చదువు. ఇద్దరూ ఒకటే మాట చెప్తాంటే సంతోషం. వేరే చెప్తాంటే ఇంకా సంతోషం."

ఈ పద్ధతి ఎంత మంచిదో నాకు ఎమ్మే చదివేటప్పుడు గానీ తెలియలేదు. ముందుమాట చివర చదవాలనేవారు. పల్లెల్లో తిరిగి రాసిన పుస్తకాలు ముందు, లెక్కలతో నిండిన వృద్ధి సిద్ధాంతం తర్వాత. "సగటు మనిషి అనేవాడు ఏ ఇంట్లో ఉండడమ్మా, వాణ్ణి వెతుక్కుంటా పోవాకండి" అనేవారు. మోడల్ అంటే ఏంటి సార్ అని ఎవరో అడిగితే, "చేలో దిష్టిబొమ్మ. మనిషి కాదని మనకీ తెలుసు. పిట్టలు లేస్తాండాయా లేదా, అదే చూడాల" అన్నారు. పరీక్షలో ఆ జవాబు రాసిన ఒక అబ్బాయికి మార్కులు పడలేదు. ఆ సంగతి విని సార్ చాలా సంతోషించారు.

ఒక దసరాకి అమ్మగారు ఇల్లంతా సున్నం వేయించారు. గదిలోని పుస్తకాలు దింపించారు. పలకలు పెరట్లోకి తీసుకుపోయి తడిగుడ్డతో శుభ్రంగా తుడిచి ఎండబెట్టారు. తర్వాత పుస్తకాలన్నీ పొడుగు చూసి, పెద్దవి ఒక పక్క, చిన్నవి ఒక పక్క, వరస తప్పకుండా సర్దేశారు. సార్ ఊరి నుంచి వచ్చి గడప మీదే నిలబడిపోయారు. మేమప్పటికే గదిలో ఉన్నాం.

"ఏందే ఇది?"

"ఒద్దికగా నిలబెట్టినా. ఇన్నేళ్ళుగా గొగ్గిపళ్ళ మాదిరి ఉన్నాయి, చూళ్ళేక చస్తాండా."

సార్ కాసేపు నుదురు రుద్దుకున్నారు. తర్వాత మా చేతికి బలపాలిచ్చి, "మీరే సర్దండి. నేను మాట్లాడను" అని కుర్చీలో కూర్చున్నారు. అంతే, గది సంతయింది. చెరువుల పుస్తకం కంభంలోకే రావాలని ఒకరు, అందులో ఉన్నదంతా నీటి తీరువా పన్ను సంగతి కాబట్టి కనిగిరిలోకి పోవాలని ఇంకొకరు. ఏ పుస్తకం ఎక్కడ పెట్టాలన్నా అందులో ఏముందో చెప్పి ఒప్పించాలి, చెప్పాలంటే చదివుండాలి. చదవకుండా వాదించేవాళ్ళు ఇట్టే దొరికిపోయారు.

అప్పటిదాకా నేను ఆ గదిలో గట్టిగా మాట్లాడిందే లేదు. ఆరోజు ఏమొచ్చిందో, ఊరు దొరకని లావు పుస్తకాల్లో ఒకటి తీసి అర్ధవీడు అరలో పెట్టాను.

"దాన్ని అక్కడెందుకు పెట్టినావు?" అన్నారు సార్, మాట్లాడనన్న మాట మర్చిపోయి.

"చదువు పెరిగితే దేశం పెరుగుతుందని మీరిందులోంచి చెప్పినారు సార్. మా ఊళ్ళో చదువుకున్నోళ్ళు ఊళ్ళో ఉండరు. పోతారు. మరి పెరిగేది ఎవరు సార్, మా ఊరా, వాళ్ళు పోయిన ఊరా?"

సార్ నా వైపు చూసిన చూపు నాకిప్పటికీ గుర్తే. పక్కింటివాళ్ళ చెట్టు కాయ మన పెరట్లో పడితే చూస్తామే, అట్లా సంబరంగా చూశారు. "అక్కడే ఉండనీ. చదువు. తప్పని తేలితే నువ్వే తీయి" అన్నారు. అమ్మగారు కాఫీలు తెచ్చి, "నేను తుడవబట్టే కదా ఇంత చర్చ జరిగింది" అని ఒక మాట వేసిపోయారు. అది నిజమే. ఆ తర్వాత సార్ ఏటా దసరాకి తానే పలకలు తుడిపించేవారు.

ఆ ఏడే క్రిస్మస్ వెళ్ళగానే మా నాయన మార్కాపురం వచ్చాడు. పండగ కాగానే ఇంటిల్లిపాదీ గుంటూరు వైపు మిరప కోతకి పోవడం మా ఇళ్ళలో రివాజు. నేను డిగ్రీ ఆఖరి ఏడు. ఎమ్మే ఎంట్రన్స్ రాయాలని ఉంది. కోతకి పోతే నెలల తరబడి పుస్తకం ముట్టడం ఉండదు, తిరిగొచ్చేసరికి ఎంట్రన్స్ చెయ్యి దాటిపోతుంది. నాయనకి ఆ మాట చెప్పలేక హాస్టల్లో రెండు రాత్రులు ఏడ్చాను. సార్‌కి కూడా చెప్పలేదు. ఆయనకి తెలిసిపోయింది.

నాయన ఆదివారం సాయంత్రం నన్ను వెతుక్కుంటూ సార్ ఇంటికే వచ్చాడు. గుమ్మంలో నిలబడి, "పాపను తీసకపోదామని వచ్చినా సార్" అన్నాడు.

"కూర్చో అన్నా. ఈ ముక్క కానీ, పోదురు" అని సార్ కుర్చీ లాగి వేశారు. ఆ పూట చెబుతున్నది పని కోసం సీజన్‌కి ఊళ్ళు వదిలిపోయే కుటుంబాల మీద ఒక అధ్యాయం. నాయన ముందు బస్సు టైము చూసుకుంటూ కూర్చున్నాడు. కాసేపటికి చూసుకోవడం మానేశాడు.

"ఇది యా ఊరి సంగతి సార్?"

"ఈడది కాదన్నా. సముద్రం అవతల దేశం."

"ఆడ గూడా పోతారా కోతకి?"

"పోతారు. మేస్త్రీ వస్తాడు, అడ్వాన్సు ఇస్తాడు, లారీలో ఎక్కిస్తాడు."

"ఓర్నీ!" అని నాయన తొడ చరిచి నవ్వాడు. లోకంలో తన చుట్టాలెవరో కొత్తగా దొరికినంత సంతోషం ఆ మొహంలో. తర్వాత అడిగాడు. "మరి పిల్లోళ్ళని ఏం చేస్తారంట?"

సార్ పుస్తకం మూసేశారు. "అది తర్వాత చాప్టర్లో ఉంది. నేనింకా చూళ్ళా. మీ పాపకిచ్చినా, ఆ పాపే చదివి చెప్పాల మనకి."

నాయన నా వైపు చూశాడు. పుస్తకం వైపు చూశాడు. "సరే. ఆ పుస్తకం అయిపోయిందాకా ఉండు. అయిపోయినాక బస్సెక్కు" అన్నాడు. అమ్మగారు అన్నం తినందే పోనివ్వలేదు.

ఆ పుస్తకం చిన్నది. వారం తిరక్కుండా అయిపోయింది. సార్ దగ్గరికి తీసుకుపోతే, చివరి పేజీలు తెరిచి చూపించారు. రచయిత ఏయే పుస్తకాలు చూసి రాశాడో వాటి పేర్లు, వరసగా పేజీలకి పేజీలు.

"ఇవి కూడా ఈ పుస్తకంలోవే కదా? ఇవన్నీ చదవకుండా అయిపోయిందని ఎట్ల అంటావు?" అని, నేను అర్ధవీడు అరలో పెట్టిన లావు పుస్తకం తీసి నా చేతుల్లో పెట్టారు. దానికి వెనక ఇంకా పెద్ద పట్టీ ఉంది.

నాయన కోత దగ్గర్నుంచి మేస్త్రీ ఫోన్లో చేసేవాడు. "అయిపోయిందా మ్మా?" "ఇంకా ఉంది నాయనా." "పిల్లోళ్ళ సంగతి తెలిసిందా?" "ముసలోళ్ళ దగ్గర ఇడ్చిపెడతారంట." "అది మాకూ తెలుసు. ఆ తర్వాత?" ఆ తర్వాత సంగతి పుస్తకంలో లేదు. సార్‌ని అడిగితే, "లేదని తెలిసింది కదా, చాలా వరకు చదువు అదే" అన్నారు. అప్పుడప్పుడు నాయన ఆయనకే ఫోన్ చేసి అడిగితే, "ఇంకా రెండు చాప్టర్లు ఉండాయన్నా" అనేవారట. ఎప్పుడడిగినా రెండే. అట్లా రెండు చాప్టర్ల మీద కోతలు గడిచిపోయాయి, డిగ్రీ అయింది, ఎంట్రన్స్ అయింది, సీటొచ్చింది.

సీటొచ్చిన రోజు నాయనకి అసలు సంగతి చెప్పి కాళ్ళ మీద పడదామనుకున్నాను. ఆయనే ముందు నవ్వాడు. "అంత లావు పుస్తకం లోకంలో ఉండదని నాకు తెలీదా? మీ సారు ఆ పూట చాప్టరు మాట చెప్పేటప్పుడు నా మొగం చూస్తే కదా! ఫోన్లో గూడా తడబడతాడు." ఇద్దరూ ఒకరికొకరు తెలియనట్టు నటించి నన్ను నిలబెట్టారు. సార్ పోయిన రోజు ఆయన దేహం దగ్గర నాయన చాలాసేపు చేతులు కట్టుకుని నిలబడ్డాడు. తన పద్ధతిలో కళ్ళు మూసుకుని ప్రార్థన చేసుకున్నాడు.

రిటైరయ్యాక కూడా సార్ కొత్త పుస్తకాలు తెప్పించుకునేవారు. ఊరిని రెండు భాగాలు చేసి, ఒక సగానికి సాయం ఇచ్చి, ఇంకో సగానికి ఇవ్వక, తేడా చూసే పరిశోధనలు ఇప్పుడు ఎక్కువ కదా. అవి చదివి, "మా చెరువు ఈ పరీక్ష ఎప్పుడో పెట్టిందమ్మా, తూము కింద ఊరికీ తూము పైన ఊరికీ" అని నవ్వేవారు. చివరి ఏడాది చూపు బాగా తగ్గింది. నేను చూడ్డానికి వెళ్ళినప్పుడల్లా, అయినా చదువు నడుస్తోందనేవారు. ఎట్లాగో చెప్పేవారు కాదు. ఫోన్లో వింటున్నారేమో అనుకున్నాను.

కర్మలన్నీ అయ్యాక ఒక ఆదివారం మధ్యాహ్నం మళ్ళీ మార్కాపురం పోయాను. వీధి తలుపు తెరిచే ఉంది. లోపల్నుంచి ఎవరో చదువుతున్న గొంతు వినిపించింది. చిన్నపిల్లలు ఒకటో తరగతిలో చదివినట్టు, ఒక్కో ఇంగ్లీషు మాట కూడబలుక్కుని, ఆగి, మళ్ళీ. అమ్మగారు. ఎనిమిదో తరగతి చదివిన మనిషి, కళ్ళజోడు ముక్కు చివరకి జార్చుకుని, ఆర్థిక వృద్ధి పుస్తకం ఒళ్ళో పెట్టుకుని చదువుతున్నారు.

నన్ను చూసి సిగ్గుపడ్డారు. "ఏడాదిగా ఇదే పని పాపా. ఆయనకి కళ్ళు పోయినాక రోజూ ఒక పేజీ చదివిచ్చుకునేవాడు. నేను తప్పు పలికినా ఆయనకి అర్థమయ్యేది. నాకేమో ఒక్క ముక్క తెలీదు. చెప్పమంటే, ఈ చాప్టర్ కానీ, అంతా కలిపి చెప్తా అనేవాడు. చాప్టర్ కాలా, ఆయన పోయినాడు." కొంగుతో కళ్ళద్దాలు తుడుచుకున్నారు. "సగంలో ఇడ్చిపెడితే ఊరుకోలేకపోతి. ఇన్ని రోజులు నేను చదివిందేందో నాకు తెలియాల కదమ్మా."

చెప్పులు విడిచి, ఆమె పక్కన చాప మీద కూర్చున్నాను. ఆమె ఒక వాక్యం చదివి, దాని కింద చూపుడు వేలు పెట్టి నా వైపు చూశారు. దేశం పెరగడమంటే ఏమిటో, కొలిచేవాళ్ళకి అందనిది ఎక్కడ మిగిలిపోతుందో నేను తెలుగులో చెప్పాను. మధ్యలో రెండుసార్లు అడ్డం వచ్చి, అర్థమయ్యాకే తల ఊపారు. నేను చెప్పడం అయ్యేదాకా ఆ వేలు అక్కడే ఉంది. అప్పుడు నెమ్మదిగా పక్క వాక్యం మీదికి జరిగింది.