పక్కింటి ఆంటీ ఉడకబెట్టిన గోధుమలు

నా చిన్నప్పటి సంగతే చెప్తున్నాను, నువ్వు టైప్ చేసుకో కన్నా. వినడానికి రోతగా ఉంటుంది. అయినా ఒక్క ముక్క తీసెయ్యకు.

అప్పటికి నాకు తొమ్మిదేళ్ళు. మన దేశం నుంచి ఇక్కడికొచ్చిన కొత్త, నాన్న వొలంగాంగ్ దగ్గర ఉక్కు ఫ్యాక్టరీలో ఇంజినీరు. హెలెన్స్‌బర్గ్‌లో మనవాళ్ళ గుడి ఇంకా కట్టలేదు. మా వీధిలో తెలుగు వినిపించేది మా ఇంట్లోనే. పక్కింటి ఆంటీ సెర్బియా ఆవిడ. ఆవిడ పుట్టిన ఊరు రుమేనియా సరిహద్దులో ఉందట, సగం ఇళ్ళు సెర్బులవి, సగం రుమేనియన్లవి. రెండు చర్చిలు, రెండు క్యాలెండర్లు. అందుకని క్రిస్మస్ కూడా పదమూడు రోజుల తేడాతో రెండుసార్లు వచ్చేదట. ఒకళ్ళు పండగ చేసుకుంటుంటే ఇంకొకళ్ళు ఉపవాసం. పిల్లలు మాత్రం రెండువైపులా తినేవాళ్ళు. ఇవన్నీ ఆంటీ కంచె మీద చేతులు ఆనించి, వచ్చీరాని ఇంగ్లీషులో చెప్పేది.

ఆ ఊళ్ళో ఇంకో పద్ధతి ఉంది. ఎవరైనా పోతే నలభయ్యో రోజున గోధుమలు ఉడకబెట్టి, వాల్‌నట్స్ పొడి, పంచదార కలిపి, మధ్యలో కొవ్వొత్తి గుచ్చి పెడతారు. మొదటి చెంచా తినాల్సింది మాత్రం రెండో భాష వాళ్ళు. సెర్బుల ఇంట్లో అయితే రుమేనియన్, రుమేనియన్ల ఇంట్లో అయితే సెర్బు. వాళ్ళు తింటేనే పోయిన మనిషి ఊరందరి దగ్గరా సెలవు తీసుకున్నట్టు. అప్పటిదాకా ఇంకెవరూ ముట్టరు.

ఆంటీ భర్త పోయిన నలభయ్యో రోజున ఆవిడ మా గుమ్మంలోకి వచ్చింది. "ఈ వీధిలో రుమేనియన్లు లేరు. ఇంగ్లీషు అందరిదీ, అది లెక్కలోకి రాదు. మీలో ఎవరో ఒకళ్ళు రావాలి" అంది. నాన్న షిఫ్టులో ఉన్నాడు. అమ్మ కడుపుతో ఉంది, అలాంటి ఇంటికి వెళ్ళకూడదు. ఇక మిగిలింది నేనూ, ఆర్నెల్లుండి పోదామని తెనాలి నుంచి వచ్చిన మా నానమ్మా.

"చచ్చినాయన పేరు మీద ఉడకేసిన కూడు, దాన్ని పసిపిల్ల చేత తినిపిస్తావటే?" అని నానమ్మ అమ్మ మీద లేచింది.

"గోడ పక్కనే ఉండి వెళ్ళకపోతే ఏం బాగుంటుంది అత్తయ్యా" అని అమ్మ నాకు జడలు వేసి పంపించింది. నానమ్మ గేటు దాకా వచ్చి, "మింగావంటే ఇంట్లోకి రానివ్వను" అని చెవిలో చెప్పింది.

ఆంటీ వాళ్ళ ముందు గదిలో ముప్పై మంది నల్లబట్టల్లో నిలబడి, చెంచాలు పట్టుకుని నా నోటి వైపే చూస్తున్నారు. ఆంటీ అందించిన మొదటి చెంచా నోట్లో పెట్టుకున్నాను. తియ్యగానే ఉంది, అబద్ధం చెప్పను. కానీ నానమ్మ మాట గుర్తొచ్చేసరికి ఆ గింజలు నాలుక మీద పురుగుల్లా కదిలినట్టనిపించింది. పెరటి వరండాలోకి పరుగెత్తి, అంతా గుప్పిట్లోకి ఉమ్మేశాను.

ఆంటీ నా వెనకే వచ్చింది. నా గుప్పిట విప్పింది. ఉమ్ములో నాని జిగురుగా ఉన్న ఆ ముద్దని కాసేపు చూసింది. తర్వాత నా చేతిలోంచే, ఒక్క గింజ కింద పడకుండా నోట్లో వేసుకుని మింగేసింది. "నీ నోట్లోకి వెళ్ళింది, నా కడుపులోకి వెళ్ళింది. ఇద్దరం కలిసి తిన్నాం" అంది. తన నల్ల స్కార్ఫుతో నా మూతి తుడిచి, చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్ళి, వాళ్ళ భాషలో ఏదో చెప్పింది. అప్పుడు అందరూ తినడం మొదలుపెట్టారు.

'యక్ అమ్మమ్మా' అంటున్నావు కదా, నాకూ అప్పుడు డోకొచ్చింది. అయితే ఇంటికొచ్చి నేను చేసింది అంతకంటే రోత. ఆవిడ ఎంగిలి ఎలా తిన్నదో నాలుక చాపి, గుప్పిట నాకి మరీ చేసి చూపించాను. నానమ్మ కళ్ళనీళ్ళు వచ్చేలా నవ్వింది. నేనూ నవ్వాను. అమ్మ మాత్రం నవ్వలేదు.

"ఆవిడ మొగుణ్ణి సాగనంపమని నిన్ను పిలిచిందే. నువ్వు ఉమ్మేస్తే, నీ వంతు కూడా ఆవిడే మింగింది" అని లేచి వెళ్ళిపోయింది.

ఆంటీని తలుచుకుంటే నాకిప్పుడు ఏ అసహ్యమూ లేదు. నాలుక చాపి ఆడిన ఆ పిల్లని తలుచుకుంటేనే ఒళ్ళు జలదరిస్తుంది, ఇన్నేళ్ళయినా. ఇక్కడ టూంగాబీలో ఎవరింట్లో మనిషి పోయినా, ఏ మతం వాళ్ళయినా, చేతిలో పెట్టింది నోట్లో పెట్టుకుంటాను. కడుపులో తిప్పడం ఈ వయసుకీ మానలేదు కన్నా. తిప్పుతుండగానే మింగుతాను.